నా పగకు అడ్డొచ్చిన పన్నెండు పల్లెలు

మా అత్తగారి పాడె మోసిన నలుగురిలో నేనొకదాన్ని. మిగిలిన ముగ్గురు నా భర్త, కబురందుకుని తడ దగ్గరి మా పుట్టింటి నుంచి వచ్చిన మా నాన్న, ఆయన వెంట వచ్చిన చిన్నాన్న. ఆడది పాడె మోయడం మా పల్లెల్లో ఎవరూ కనీ వినీ ఎరుగరు. కానీ నాలుగో భుజం దొరకలేదు. పులికాట్ సరస్సు ఒడ్డున ఎనభై గడపలున్న ఊరు అది. పట్టపగలు, ఎండ నెత్తి మీద ఉండగా, వీధి వీధంతా తలుపులు వేసుకుని కూర్చుంది. ఒక ఇంటి తడిక సందులోంచి రెండు కళ్లు మమ్మల్ని చూస్తున్నాయి. ఆ కళ్లెవరివో నాకు తెలుసు. ఆమెకు రెండు కాన్పులూ చేసింది మా అత్తగారే.

మమ్మల్ని ఊరు వెలివేసి అప్పటికి ఏడు నెలలు. కారణం చాలా చిన్నది. సరస్సులో రొయ్యలు బాగా పడే చోట్లు కొన్నే ఉంటాయి. ఏ రోజు ఏ పూట అక్కడ ఎవరు వల వెయ్యాలో ఏటా చీట్లు తీసి వంతులు పంచుకునేవారు. మా ఊళ్లో రెండు పార్టీలు, తూర్పు వీధి ఒకటి, పడమటి వీధి ఒకటి. ఊరిపెద్ద తూర్పు వీధివాడు. మాది పడమటి వీధి. ఆ ఏడు మంచి వంతులన్నీ తూర్పు వీధికే వచ్చాయి. కొన్ని చీట్ల మూల మడిచి ఉండడం నా భర్త కంటబడింది. చూసినవాడు ఊరుకోలేదు.

"చీటీలు మడత పెట్టినారు. మళ్లీ తీయండి" అన్నాడు అందరి ముందరా.

ఊరిపెద్ద నవ్వాడు. "ఏంరా అబ్బయ్యా, ఊరు అబద్ధం ఆడతాదా? ఊరినే అడుగుదాం ఉండు. వీడు ఊరి మీద నింద వేసినాడు. వీణ్ణి వెలెయ్యాలన్నోళ్లు చేతులెత్తండి."

తూర్పు వీధిలో అయిదారు ఇళ్లు ఎక్కువ. అంతే. ఆ అయిదారు ఇళ్లతోనే ఆయన రాజు. పడమటి వీధిలోనూ కొందరు భయపడి చేతులెత్తారు. నేను ఆడవాళ్ల మధ్య నిలబడి లేచిన ప్రతి చేతినీ చూశాను. ఏ చేతికి రాగి కడియం ఉందో, ఏ చేతి వేలిని పీత కొరికిందో ఈనాటికీ చెప్పగలను.

ఆ రోజు నుంచి మాకు బావి లేదు, నిప్పు లేదు, పలకరింపు లేదు. వంతు పోయింది. నా భర్త సరస్సులో నడుంలోతు నీళ్లలో దిగి సున్నపు గుల్ల ఏరేవాడు. అత్తగారు మాత్రం దేనికీ ఏడవలేదు. ఊళ్లో ఒకామెకు నొప్పులొస్తే తనను పిలవకుండా పక్క ఊరి మంత్రసానిని తీసుకొచ్చారని తెలిసిన రోజు మాత్రం గోడవైపు తిరిగి పడుకుంది. తర్వాత ఆమె సరిగా అన్నం తిన్నది లేదు.

కాటి నుంచి వచ్చాక నా భుజం వాచింది. నా భర్త ఆముదం రాయబోతే వద్దన్నాను. ఆ నొప్పి నాకు కావాలనిపించింది.

"పోదాం పా మే, మీ నాయన కాడికి. ఈడ మనకెవురుండారు?" అన్నాడు.

"పోతే వాళ్లు గెలిచినట్టే. ఆ ముసిలోడు నా ముందర చేతులు కట్టుకుని నిలబడేదాకా నేను ఈడనుంచి కదల్ను" అన్నాను.

నేను అయిదో తరగతి చదివాను. ఆ రోజుల్లో మా పల్లెల్లో ఆడదానికి అది పెద్ద చదువు. ఇంట్లో గడపకెదురుగా ఉన్న గోడ మీద బొగ్గుతో తూర్పు వీధి ఇళ్లన్నీ ఒక వరస, పడమటి వీధి ఇళ్లన్నీ ఒక వరస గీతలు గీశాను. తూర్పు నుంచి నాలుగిళ్లు లాగితే చాలు, బలం మా వైపు తిరుగుతుంది. అప్పుడు వాళ్లలో ఒక్కొక్కరినీ వెలెయ్యొచ్చు. ఎవరిని ముందు వెయ్యాలో కూడా అనుకున్నాను. తడిక సందులోంచి చూసినామె మొదటిది.

పంచాయతీ సమితులు వచ్చిన కొత్త అది. సమితి తరఫున మా పల్లెలకు ఒక గ్రామసేవిక వచ్చింది. బుచ్చిరెడ్డిపాలెం వైపు వరి పండించే ఇంటి పిల్ల, నాకన్నా చిన్నది. ఊరంతా తిరిగి దాహమై మా గడప ముందు ఆగింది.

"మా నీళ్లు తాగితే మీకు కష్టమమ్మా. మేం వెలి" అన్నాను.

"నాకు దాహంగా ఉంది అక్కా" అని చెంబు అందుకుంది. తాగుతూ గోడ మీద గీతలు చూసి ఏమిటని అడిగింది. దాచకుండా చెప్పాను.

"సరే, నాలుగిళ్లు లాగినావనుకో. వాళ్లని వెలేస్తావు. మళ్లీ అయిదిళ్లు అటు తిరిగితే?"

"తిరగనీ. ముందు నేను వెయ్యాల."

ఆమె నవ్వలేదు, తప్పనీ అనలేదు. గడప మీద కూర్చుని వాళ్ల ఊరి సంగతి చెప్పింది. "మా ఊళ్లో కాలవ నీళ్లకి ఇట్టాంటి తగాదాలే. ఒక్క ఊరికే పారే పిల్లకాలవ అయితే పైమడి వాళ్లదే పెత్తనం. అదే పది ఊళ్లకి పారే పెద్ద కాలవ మీద పైమడి ఆసామి ఆటలు సాగవు. ఆడ ఒక్కో ఊరికి ఒక్కో గొడవ. చెరకేసినోడిది ఒకటి, వరేసినోడిది ఒకటి. అందరూ ఒకటై ఒకణ్ణి తొక్కాలంటే కుదరదు. ఇంత పెద్ద దేశం, ఇన్ని కులాలు, ఇన్ని భాషలు, ఎట్ట నిలబడతాదని మా నాయన భయపడేవాడు. నాకేమో అన్ని ఉండబట్టే నిలబడతాదనిపిస్తాది. ఏ ఒక్క పార్టీకీ సగం చేతులు దొరకవు."

దేశం సంగతి నాకు పట్టలేదు. సగం చేతులు దొరకవన్న మాట మాత్రం పట్టుకుంది. సర్కారు అప్పుడే కొత్తగా నైలాన్ దారం ఇస్తోంది. నూలు వలల్లా అది నానిపోదు, చీకిపోదు. ఆ దారం పల్లె పల్లెకూ ఉన్న మత్స్యకారుల సంఘాల ద్వారా వచ్చేది. మా ఊరి సంఘం ఊరిపెద్ద గుప్పిట్లో ఉంది. దారం తూర్పు వీధి దాటి రాలేదు. ఊరిపెద్దను చిన్నవాణ్ణి చెయ్యాలంటే ఊరినే పెద్దది చెయ్యాలని అప్పుడు అర్థమైంది. పల్లెకొక సంఘం పోయి, ఒడ్డున ఉన్న పన్నెండు పల్లెలకూ కలిపి ఒకటే సంఘం రావాలి. వంతుల చీట్లు కూడా అందులోనే తియ్యాలి.

వంతు పోయాక పక్క పల్లెల్లో చేపలు కొని అమ్మేదాన్ని, నా తల మీద గంప ఉండనే ఉంది. మా ఊళ్లో నా చేపలు కొనేవాళ్లు లేరు కాబట్టి ఎలాగూ ఊళ్లు తిరగాల్సిందే. తిరిగిన ప్రతి పల్లెలోనూ ఒకటే సంఘం కావాలని సమితికి అర్జీ రాశాను, వేలిముద్రలు వేయించాను. అందరి మేలు కోసమని ఎక్కడా చెప్పలేదు, ఎందుకంటే నేను దాని కోసం తిరగలేదు. ప్రతి పల్లెలో ఒక పెద్ద ఉన్నాడు, వాడి చేతిలో నలిగిన ఇల్లు ఒకటి ఉంది. ఆ ఇంటికే ముందు పోయేదాన్ని. "మీవోడు పన్నెండు మందిలో ఒకడైపోతే ఎట్టుంటాదో చూడాలని లేదా?" అని అడిగేదాన్ని. వాళ్ల కళ్లు మెరిసేవి. ఆ మెరుపు నాకు కూడుకన్నా ఎక్కువ ఆకలి తీర్చేది. రెండేళ్లు అలా తిరిగాను.

చివరికి సూళ్లూరుపేటలో సమితి ఆఫీసు వసారాలో పన్నెండు పల్లెలవాళ్లనూ కూర్చోబెట్టారు. ఊరిపెద్ద చలవ చొక్కా వేసుకుని వచ్చాడు. "మా ఊరి సంగతి మేం చూసుకుంటాం. కావాలంటే చేతులెత్తమనండి" అన్నాడు.

"చేతులక్కర్లేదు. చీటీ రాసి పెట్టెలో వేయండి" అన్నాడు ఆఫీసరు.

ఊరిపెద్ద చుట్టూ చూశాడు. ఎవరి మొహంలోకి చూసి బెదిరించాలో తెలియలేదు. ఆ చూపు నేను ఎన్నిసార్లు తలుచుకుని ఆనందించానో నాకే తెలియదు. సంఘాలు కలిసిపోయాయి. రాయడం వచ్చినదాన్నని మినిట్సు రాసే పని నాకిచ్చారు.

తర్వాత నెలలో పన్నెండు పల్లెల సంఘం కూర్చున్న రోజు ఊరిపెద్ద తూర్పు వీధికి దారం కోసం అర్జీ పట్టుకుని వచ్చాడు. భుజం మీది తువ్వాలు తీసి చంకలో పెట్టుకుని, చేతులు కట్టుకుని, నా బల్ల ముందు నిలబడ్డాడు. నేను కోరుకున్నది సరిగ్గా అదే. కానీ అది చాలలేదు. నేను లేచి నిలబడ్డాను.

"తూర్పు వీధికి ఈ యేడు దారం ఇవ్వగూడదు. వంతు గూడా తీసెయ్యాల. వాళ్లు మమ్మల్ని ఏం చేసినారో మీకందరికీ తెలుసు" అన్నాను.

దీవి పల్లె నుంచి వచ్చిన ముసలాయన గొంతు సవరించుకున్నాడు. నా అర్జీ మీద మొదటి వేలిముద్ర ఆయనదే.

"అమ్మణ్ణీ, మీ అత్తని నేనెరుగుదును. నీకు జరిగింది అన్యాయమే. కానీ ఈపొద్దు వాళ్లని తీసేస్తే రేపు ఎవురిని? మా దీవిలో ఉండేది ముప్పై గడపలు. తీసేసే అలవాటు పడితే ముందు తీసేసేది మమ్మల్నే."

"మేం కంచివల వేసేవోళ్లం. ఆ వల వేసేది మేం కొద్దిమందిమే. మాకూ అదే భయం" అన్నాడు ఇంకొకాయన. తడ వైపు పల్లెవాడు తమకు అరవం మాట్లాడే చుట్టాలున్నారని, రేపు ఆ పేరు చెప్పి తమను తీసేస్తారని అన్నాడు. ఊరిపెద్ద మీద జాలి ఒక్కరికీ లేదు. ఎవరి భయం వాళ్లది. పెట్టెలో చీట్లు వేశారు. నా మాట నెగ్గలేదు. అంతటితో ఆగలేదు. ఇకపై ఏ పల్లెలోనైనా ఎవరినైనా వెలేస్తే ఆ పల్లెకు దారం ఆపుతామని కూడా తీర్మానించారు. ఆ తీర్మానం నా చేతే రాయించారు. అక్షరాలు కాగితం చిరిగేంత గట్టిగా పడ్డాయి.

బయట గ్రామసేవిక నిలబడి ఉంది. "నీ పార్టీకి గూడా సగం దొరకలేదు గదా అక్కా" అంది మెల్లగా. "నువ్వు కట్టిన గట్టే అది. గట్టు మనిషిని చూసి నీళ్లు ఆపదు."

నేను ఆమెతో మాట్లాడకుండా వచ్చేశాను. చాలా నెలలు మాట్లాడలేదు. ఈలోగా ఆమెకు బదిలీ అయింది. వెళ్లేముందు మా ఇంటికి వచ్చిందట, నేను గంపతో వేరే ఊళ్లో ఉన్నాను. నా జీవితంలో నేను చింతించే సంగతి అదొక్కటే.

ఆ ఏడు చీట్లు మా ఊరివాళ్లు కాక వేరే పల్లెవాళ్లు తీశారు. దారం ఆగుతుందన్న భయంతో ఊరు మా వెలి ఎత్తేసింది, మాకు మంచి వంతు వచ్చింది. నైలాన్ వల అల్లుకుంటూ నా భర్త సంతోషపడ్డాడు.

"వంతొచ్చింది, బావి నీళ్లొచ్చినాయి. ఇంకేం కావాల మే నీకు?"

"మీ అమ్మ" అన్నాను.

ఊరిపెద్ద ఆ తర్వాత చాలా ఏళ్లు బతికాడు. బస్సు దగ్గర ఎదురైతే "బాగుండావా అమ్మా" అనేవాడు. నేను మొహం తిప్పుకునేదాన్ని. క్షమించమని చాలామంది చెప్పారు. క్షమించలేదు, ఇప్పుడూ క్షమించను.

ఒక ఏడు చీట్లలో మా వంతు వెనకే ఆయన వంతు వచ్చింది. మా వల తీసేదాకా ఆయన పడవ ఎండలో ఆగాలి. నేను ఒడ్డున గంప పెట్టుకుని నిలబడేదాన్ని. నా భర్త గబగబా లాగుతుంటే కేక వేసేదాన్ని, "మెల్లింగా తియ్యయ్యా, తొందరేం లేదు." ఊరిపెద్ద తన పడవలో తువ్వాలు నెత్తిన కప్పుకుని కూర్చునేవాడు. పన్నెండు పల్లెలూ కలిసి నాకు మిగిల్చిన పగ అంతే. అది ఆ ఏడంతా వంతు వచ్చిన ప్రతి రోజూ తీర్చుకున్నాను.