చిన్నమ్మకు ఎక్కించిన ఆటలు

పోయిన నెల కోవిల్‌పట్టిలో దగ్గరివాళ్ళింట్లో చావు పలకరింపుకు వెళ్ళి, తిరిగి బస్సెక్కే ముందు వేరుశనగ మిఠాయి కొందామని బజార్లో ఆగాను. పక్కనే సెల్‌ఫోన్ల అంగడి. అద్దం వెనక అరచేయంత గేమ్ మిషన్లు వరసగా నిలబెట్టి ఉన్నాయి. పెట్టె మీద వేల ఆటలున్నాయని పెద్ద అక్షరాలతో రాసుంది. ఊరికే నోరు ఊరుకోక, "ఆటలు ఎవరెక్కిస్తారు?" అని అడిగాను. అంగడాయన నన్ను కిందికీ పైకీ చూసి, ఎక్కించే పనేమీ లేదనీ, అన్నీ లోపలే నింపి వస్తాయనీ, కరెంటు పెట్టి ఆడుకోవడమేననీ అరవంలో చెప్పాడు. మిఠాయి పొట్లం చేతిలో పట్టుకొని అక్కడే కాసేపు నిలబడిపోయాను. నా బతుకులో పన్నెండేళ్ళు ఆ ఎక్కించే పనే చేశాను. ఆ పనిలోనే నా చేతులతో ఒక పాపం చేశాను.

విరుదునగరు బస్టాండు వెనక సందులో నా అంగడి. సెల్‌ఫోను రిపేరు అని బోర్డు ఉండేది గాని, వచ్చేవాళ్ళలో సగం మంది గేమ్ ఎక్కించుకోవడానికే వచ్చేవాళ్ళు. చేతిలో పట్టుకొని ఆడే ఆ మిషన్లను దుబాయినుంచో సింగపూరునుంచో ఎవరో ఒకరు తెచ్చిపెట్టేవాళ్ళు. కంపెనీవాడి అసలు డిస్కులు మా వైపు ఎవరూ కంటితో చూసింది లేదు. మిషను లోపలి సాఫ్ట్‌వేరు మార్చేస్తే, డౌన్‌లోడు చేసిన ఆటలు మెమొరీ కార్డులోంచే ఆడేవి. అది దొంగ పనని నాకూ తెలుసు, ఆడేవాళ్ళకూ తెలుసు. కంప్యూటరుకు కేబులు తగిలించి, సరైన ఫోల్డరులోనే ఆట వెయ్యాలి. పక్క ఫోల్డరులో వేస్తే మిషను దాన్ని కన్నెత్తి చూడదు. కాపీ అయ్యేటప్పుడు కేబులు కదిలితే ఆట సగంలో చచ్చి ఊరుకుంటుంది. ఎదురుగా నూనె పరోటా అంగడి ఉండేది కాబట్టి మా ఊరివాళ్ళ మిషను ఏది విప్పినా బటన్ల కింద పరోటా వాసన కొట్టేది. స్పిరిట్టు దూదితో తుడిచి తుడిచి నా వేళ్ళు ఎప్పుడూ చల్లగా ఉండేవి.

మా చిన్నమ్మ కోవిల్‌పట్టిలో అగ్గిపెట్టెల కంపెనీలో పనిచేసేది. మా అమ్మకు చెల్లెలు. పెళ్ళయిన మూడో ఏటే భర్త పోతే, తన అన్న ఇంటికి, అంటే మా మామ ఇంటికి, తిరిగొచ్చి ఆ ఇంటి వంటపొయ్యి దగ్గరే ఉండిపోయింది. పొద్దున వంట చేసి కంపెనీకి పోయేది, మళ్ళీ వచ్చి వంట చేసేది. మా అమ్మ పోయినప్పుడు నేను పదో క్లాసు. ఆ తరవాత నాలుగేళ్ళు నాకు అన్నం పెట్టింది చిన్నమ్మే. కంపెనీలో ఆమె పని, అగ్గిపుల్లల్ని చట్రంలో గాడికొకటిగా పేర్చడం. ఆమె పేరుస్తుంటే వేళ్ళు కనబడేవి కావు, పుల్లలు వాటంతటవే పోయి పడుకుంటున్నట్టు ఉండేది. తరవాత ఆ పనికి మిషన్లొచ్చాయి. చిన్నమ్మను, ఆమె వయసు ఆడవాళ్ళందరినీ ఇంటికి పంపేశారు. ఇంట్లో ఊరికే కూచున్నప్పుడు కూడా ఆమె వేళ్ళు ఒళ్ళో ఆడుతూనే ఉండేవి. "ఏం చిన్నమ్మా అది?" అని అడిగితే, "దానికి తెలవదు గదా నాయనా, పని పోయిందని" అనేది.

ఒకసారి శ్రీవిల్లిపుత్తూరు గుడికి పోయి తిరిగొస్తూ, బస్సు మారే ముందు నా అంగడికి వచ్చింది. నాకు పాలకోవా పొట్లం తెచ్చింది. మా వాళ్ళలో తెలుగు ఇంటి భాష, గడప దాటితే అరవమే. బజారులోకి వచ్చాక సొంత అన్నదమ్ములు కూడా అరవంలోనే మాట్లాడుకుంటారు. నేను ఈ తెలుగు అక్షరాలు కూడబలుక్కొని నేర్చుకున్నది నలభై దాటాకే. చిన్నమ్మకు మాత్రం ఆ కట్టుబాటు లేదు. నేనెక్కడుంటే అదే ఆమెకు ఇల్లు. పదిమంది గిరాకీల ముందు స్టూలు మీద కూచొని, "పొద్దున ఏం తింటివిరా? ఇంత చిక్కి ఉండావేమి? పరోటా తిని కడుపు చెడగొట్టుకుంటా ఉండావా?" అని వీధికంతా వినబడేలా అడిగింది. నాకు తల ఎత్తుకోలేనంత సిగ్గయింది. ఆమె నోరు మూయించడానికి, ఎవరో రిపేరుకిచ్చి ఏడాదైనా తీసుకుపోని మిషను ఒకటి చేతిలో పెట్టాను. పైనుంచి రంగు ముక్కలు పడుతుంటాయి, వాటిని తిప్పి ఖాళీ లేకుండా పేర్చాలి, అదీ ఆట. నిజం చెప్పాలంటే అది ప్రేమతో ఇచ్చింది కాదు.

ఆమె మూడు బస్సులు వదిలేసింది. నాలుగో బస్సు వేళకు మిషను మీదికి వంగిపోయి, పెదవి పంటి కింద పెట్టుకొని, ముక్కల్ని మా ఊరి కాలేజీవాళ్ళెవరికీ రానంత వేగంగా పేరుస్తోంది. గిరాకీలు ఫోన్లు మరిచిపోయి ఆమె వెనక నిలబడి చూశారు. ఆట అయిపోయాక తలెత్తి నవ్వింది. ఆమెకు అరవై దగ్గరపడింది గాని ఆ నవ్వు నేనంతకుముందు చూడలేదు. "ఇది తీసుకపోనా నాయనా?" అని అడిగింది. అప్పటిదాకా ఆమె నన్ను ఏదీ అడిగి ఎరగదు.

అప్పట్నుంచి నెలకోసారి కోవిల్‌పట్టినుంచి బస్సెక్కి వచ్చేది, కొత్త ఆట ఎక్కించుకోవడానికి. కేబులు తగిలించగానే మిషను మీద నారింజరంగు దీపం వెలిగి, కంప్యూటరు టంగుమని ఒకసారి మోగేది. "కలిసె" అనేది చిన్నమ్మ. ఆట ఎక్కుతున్నంతసేపూ తెర మీద పచ్చగీత పెరగడం చూస్తూ, ఊపిరి కూడా మెల్లగా తీసుకునేది. కారు పందెం ఒకటి ఎక్కించి ఇచ్చాను. అందులో సముద్రం పక్కన రోడ్డు ఉంది. వెనక కార్లన్నీ ఈమెను దాటి పోతున్నా ఈమె బండి ఎద్దుబండిలా పోయేది. "తొక్కు చిన్నమ్మా, ఓడిపోతావు" అంటే, "పోనీరా, వాళ్ళకేమి తొందరో. నేను పాంచాలంకురిచ్చి కోట దాటి సముద్రం దిక్కు పోయినదాన్ని కాదు. చూసుకుంటా పోతా" అంది. ఆ రోడ్డు చివరి దాకా ఆమె ఒక్కసారీ పందెం గెలవలేదు. ప్రతి మలుపు దగ్గరా ఏ చెట్టుందో మాత్రం చెప్పగలిగేది.

మామకు కడంబూరు దగ్గర నల్లరేగడి పొలం ఉండేది, ఊళ్ళో మాట చెల్లేది. చెల్లెలు మధ్యాహ్నం పూట అరుగు మీద కూచొని బొమ్మాట ఆడుకోవడం ఆయనకు మొదటినుంచీ ముల్లులా ఉంది. వీధిలో పోయేవాళ్ళు నవ్వారని అన్నాడు. ముండమోసింది ఒంటరిగా బస్సెక్కి, కుర్రవాళ్ళు కూడే అంగడికి పోవడమేమిటని అన్నాడు. అవన్నీ పైమాటలే. అసలు సంగతి నాకు మామ కూతురు చెప్పింది. ఒకరోజు ఆయన పొలంనుంచి వచ్చి కాఫీ అడిగితే, చిన్నమ్మ తల ఎత్తకుండా, "ఉండన్నా, ఈ ఆట ముగియనీ" అందట. ముప్పై ఏళ్ళలో ఆమె ఆయన్ని ఉండమనడం అదే మొదలు.

ఆ మామ కూతుర్నే నేను చేసుకోవాలనుకుంటున్న రోజులవి. ఆ పిల్లకూ ఇష్టమేనని నాకు కొంచెం తెలుసు, పూర్తిగా తెలియదు. మామ ఔననలేదు, కాదనలేదు. తిరునెల్వేలినుంచి మిల్లు ఉద్యోగం సంబంధం ఒకటి వచ్చిపోయింది. అలాంటి వేళ మామ నా అంగడికి ఫోను చేశాడు. ఆయన నాకు ఫోను చేయడం అరుదు కాబట్టి కూచున్నవాణ్ణి లేచి నిలబడి మాట్లాడాను.

"రేపు మీ చిన్నమ్మ వస్తాది. ఏదో బటను ఇరుక్కునిందంట. ఆ మిషను తిరిగియ్యొద్దు. కాలిపోయింది, ఇంక పనికిరాదని చెప్పు."

"బాగా ఉండాది గదా మామా..."

"నేను లాక్కుంటే ఏడస్తాది. నువ్వు చెప్తే నమ్ముతాది." మళ్ళీ తనే అన్నాడు, "రేపు ఈ ఇంటికి రావాల్సినోడివి. ఇంటి మర్యాద నీకూ ఉండాల గదా."

ఆ చివరి మాట కోసం నేను రెండేళ్ళుగా ఎదురుచూస్తున్నాను. "శరి మామా" అన్నాను. అంతే. బెదిరింపు లేదు, బతిమాలింది లేదు. అంత సులువుగా నా నోట ఆ మాట వచ్చింది.

మర్నాడు పదకొండింటికి చిన్నమ్మ వచ్చింది. ఎండలో నడిచి వచ్చి చెంగుతో మెడ తుడుచుకుంటూ, చేతిసంచిలోంచి మిషను తీసింది. దానికి పాత జాకెట్టు గుడ్డతో ఒక ఉర కుట్టుకుంది, గుండీ కూడా పెట్టింది. "ఈ పక్క బటను లోపలికి పోతే రాలేదురా. అది చూసి, ఇంకో రోడ్డుంటే ఎక్కించు. కొండలుండే రోడ్డు" అంది. నేను ఆమె మొహం చూడకుండా మిషను అందుకున్నాను. ఏం చెప్పాలో రాత్రంతా అనుకొని పెట్టుకున్నదే. కాని చేతులకు ఎన్నో ఏళ్ళ అలవాటు. చెప్పాల్సింది చెప్పే ముందే నా చెయ్యి దానంతటది కేబులు తీసి మిషనుకు తగిలించింది. నారింజరంగు దీపం వెలిగింది. కంప్యూటరు టంగుమంది.

"కలిసె" అంది చిన్నమ్మ.

కేబులు పీకేశాను. మిషను వెనక్కి తిప్పి, మూత విప్పి, లోపల ఏదో చూస్తున్నట్టు కాసేపు స్క్రూడ్రైవరు తిప్పాను. "బోర్డు కాలిపోయింది చిన్నమ్మా. ఇంక పనికిరాదు" అన్నాను.

ఆమె చేతిలోని ఉర గుండీ పెట్టింది, తీసింది.

"పాత సరుకు గదా. సామాన్లు కూడా దొరకవు" అన్నాను మళ్ళీ. అబద్ధానికి ఒక్క మాట చాలదు కాబట్టి.

"నేనెక్కిన రోడ్డు?"

"అదీ పోయింది. కార్డులో ఉన్నవన్నీ పోయాయి."

ఆమె కంప్యూటరు వైపు చూసింది, కేబులు వైపు చూసింది, తరవాత నన్ను చూసింది. ఆ చూపులో కోపముంటే నేను బతికిపోయేవాణ్ణి. కొత్త ఊళ్ళో దారి అడిగిన మనిషి చూసినట్టు చూసింది. ఖాళీ ఉరను మడిచి సంచిలో పెట్టుకొని స్టూలు మీదినుంచి లేచింది. "సరింగ తంబి. నాన్ వరేన్" అంది. సరేనండీ తమ్ముడూ, వెళ్ళొస్తాను అని. బస్సులో పక్క సీటువాడితో, రేషను అంగడిలో గుమాస్తాతో మాట్లాడే అరవంలో, వాళ్ళకిచ్చే మర్యాద నాకూ ఇచ్చి, అంగడి దిగిపోయింది. నేను వెనకనుంచి చిన్నమ్మా అని పిలిచాను. ఆమెకు వినబడింది. ఆగలేదు.

అరవ నెల ఆవణిలో నాకు పెళ్ళయింది. చిన్నమ్మ ముప్పై మందికి ఒక్కతే వండింది. అక్షింతలు వేసేటప్పుడు పెళ్ళికూతురితో "సల్లగుండు తల్లీ" అని, నాతో "నల్లా ఇరుంగ తంబి" అని అంది. రెంటికీ అర్థం ఒకటేననీ, అందులో ఏముందనీ ఎవరూ పట్టించుకోలేదు. పెళ్ళయిన ఆరు నెలలకు ఆ మిషనులో కొండలుండే రోడ్డు ఎక్కించి, "బాగయింది చిన్నమ్మా, సామాను దొరికింది" అని తీసుకుపోయి ఇచ్చాను. ఒక అబద్ధం కడగడానికి ఇంకొకటి. ఆమె దాన్ని చేత్తో ముట్టుకోను కూడా లేదు. నాకెందుకు తంబి, ఎవరికన్నా ఇవ్వండి అని అరవంలోనే చెప్పి బియ్యం ఏరుకోవడానికి పోయింది.

పదకొండేళ్ళు అలాగే నడిచింది. నేను తెలుగులో అడిగేవాణ్ణి, ఆమె అరవంలో చెప్పేది. నా భార్యతో, నా బిడ్డతో, పాలు పోసే మనిషితో కూడా తెలుగే. నాతో మాత్రం, "సాప్టీంగళా తంబి?" అన్నం తిన్నారా అని. నాకు కలిపి ముద్దలు పెట్టిన మనిషే అలా అడిగేది. "మా అత్త నీ ఒక్కడితోనే అరవం ఎందుకు మాట్లాడుతాది?" అని నా భార్య ఒకసారి అడిగితే, వయసు మీద పడింది గదా అని తప్పించుకున్నాను. మామ పోయాడు. ఇక చెప్పేయొచ్చు అనుకున్నాను. బిడ్డ బడికి పోతోంది, పండగ పోనీ, ఎండలు తగ్గనీ అనుకుంటూ ఉండిపోయాను.

చిన్నమ్మ మంచాన పడ్డాక ఒక ఆదివారం నా భార్య ముందే ఆమె మంచం పక్క కూచొని చెప్పాను. "చిన్నమ్మా, ఆ రోజు మిషను బాగానే ఉండె. మామ చెప్పమంటే అబద్ధం చెప్పినా. నన్ను రెండు దెబ్బలు కొట్టు, తిట్టు, ఏమన్నా అను."

ఆమె కళ్ళు తెరిచి నన్ను చూసింది. "తెరియుం తంబి" అంది. తెలుసు అని. అంతే అని, నా భార్య వైపు తిరిగి, "బిడ్డ అన్నం తినిందా తల్లీ?" అని అడిగింది.

తిరుగు బస్సు సాత్తూరు దాటింది. నా భార్య కిటికీలోంచి బయటికి చూస్తూనే అంది, "మా నాయన అడిగినాడు, సరే. నువ్వు కాదనుంటే ఏమయ్యుండేది? నన్ను నీకు ఇయ్యడు, అంతేగా? నన్నొక మాట అడిగుంటే నేనే లేచి వచ్చేదాన్ని గదా." మూడు వారాలకు చిన్నమ్మ పోయింది.

తప్పు ఒప్పుకోవడానికి మంచి రోజు చూద్దామని నేను వాయిదా వేసిన ఏళ్ళు నావనుకున్నాను. అవన్నీ ఆమెవి. ఆ లెక్క నాకు తెలిసేసరికి, ఆమె దగ్గర ఇంకొక ఏడాది మిగల్లేదు.