బీచుపల్లిలో వదిలింది

2024 ఎండాకాలం నాటి సంగతి. వనపర్తిలోని ఒక డయాలిసిస్ యూనిట్‌లో నేను స్టాఫ్‌నర్సును. ఇప్పటికీ అక్కడే ఉన్నాను. ఆ ఏడు మా రంజాన్ నెల, హనుమాన్ దీక్షలు దాదాపు ఒకేసారి వచ్చాయి. రోజా ఉండి డ్యూటీ చేస్తున్నాను. మా యూనిట్‌లో మంచం మీద ఉన్నవాళ్లకూ దాహమే, మంచం పక్కన నిలబడ్డ నాకూ దాహమే. మా మధ్య ఉన్న తేడా ఏమిటంటే, సాయంత్రం అజాన్ వినబడగానే నేను కడుపునిండా నీళ్లు తాగొచ్చు. వాళ్లకు ఆ వీలు లేదు.

డయాలిసిస్ అంటే తెలియనివాళ్ల కోసం రెండు మాటలు. కిడ్నీలు పనిచేయని మనిషి రక్తాన్ని మిషన్‌లోకి తీసి, శుభ్రం చేసి, మళ్లీ ఒంట్లోకి పంపుతాం. వారానికి మూడుసార్లు, బతికినన్నాళ్లూ. చాలామందికి మూత్రం రాదు కాబట్టి తాగిన నీళ్లన్నీ ఒంట్లోనే ఉండిపోతాయి, ఎక్కువైతే ఊపిరితిత్తుల్లోకి చేరతాయి. అందుకే వచ్చిన ప్రతిసారీ బరువు చూస్తాం. ఒంట్లో అదనపు నీరు లేనప్పుడు ఉండే బరువును డ్రై వెయిట్ అంటాం. దానికంటే ఎంత పెరిగితే అంత నీళ్లు తాగినట్టు. కాంటా ఎక్కించగానే అందరూ అమాయకులైపోతారు. "జేబుల సెల్‌ఫోన్ ఉన్నది సిస్టరమ్మా" అనేవాళ్లను చూసీ చూసీ నాకు నవ్వు రావడం కూడా మానేసింది.

బాలకిష్టయ్య అలాంటి మనిషి కాదు. పాన్‌గల్‌లో మోటార్ వైండింగ్ షాపు ఆయనది. కాలిపోయిన బోరు మోటార్లు విప్పి, పాత తీగ తీసేసి కొత్తది చుట్టడం పని. యాభైకి అటూ ఇటూ వయసు. బీపీని పట్టించుకోక కిడ్నీలు పోగొట్టుకున్నాడు. యూనిట్‌లో మిషన్ ఏ చిన్న కూత పెట్టినా తల తిప్పి చూసేవాడు. "ఇది ప్రెషరా, గాలి బుడగనా?" అని అడిగేవాడు. చెప్తే ఒక్కసారికే అర్థమయ్యేది.

ఆయన మార్చిలో ఒకరోజు కాషాయం కట్టుకుని, నుదుట సింధూరంతో, చెప్పుల్లేకుండా వచ్చాడు. హనుమాన్ మాల వేసుకున్నాడు. మాలలో ఉన్నవాళ్లను స్వామీ అనాలి, వాళ్లు ఆడవాళ్లందరినీ మాత అంటారు. దాంతో నస్రీన్ సిస్టర్‌నైన నేను కాస్తా ఆ రోజు నుంచి నస్రీన్ మాతనయ్యాను. పక్క మంచం ఆవిడ పకపకా నవ్వింది. నేనూ నవ్వాను.

నవ్వు ఎక్కువ రోజులు నిలవలేదు. తర్వాతి వారం సత్తెమ్మ, అంటే ఆయన భార్య, ఆయన్ను ఆటోలోంచి దాదాపు మోసుకుంటూ దింపింది. కాళ్లు లేవడం లేదు. నాడి బాగా నెమ్మదిగా ఉంది. ఈసీజీ తీస్తే గుండె గీత చూడగానే డ్యూటీలో ఉన్న యువ డాక్టరును కేకేశాను. పొటాషియం. పండ్లలో, కొబ్బరినీళ్లలో ఎక్కువగా ఉండే ఉప్పు అది. మన ఒంట్లో ఎక్కువైతే కిడ్నీలు బయటికి పంపేస్తాయి. వీళ్లకు అది రక్తంలోనే పేరుకుని గుండెను ఆపేస్తుంది.

"రాత్రి ఏం తిన్నడు?" అని అడిగాను.

"దీక్షల రాత్రి అన్నం తినొద్దు గద సిస్టరమ్మా. పలారమే. రెండు మూడు అరటిపండ్లు, ఒక కొబ్బరిబోండం. రోజూ గదే" అంది సత్తెమ్మ. పుణ్యం పెడుతున్నాననుకుని విషం పెట్టిందని ఆమెకు ఎలా చెప్పాలో తెలియలేదు. తర్వాత చెప్పాను. గోడకు ఆనుకుని కూర్చుని చాలాసేపు ఏడ్చింది.

వెంటనే మిషన్ మీద పెట్టాం, ఆ పూట ఆయన బతికాడు. యువ డాక్టరు చాలా కోపంగా ఉన్నాడు. "మూఢనమ్మకాలతో వస్తే మేమేం చేస్తాం? మాల తీసేయమనండి" అన్నాడు. తప్పు ఆయనది కాదు, అంత దగ్గరగా చావును చూస్తే ఎవరికైనా కోపం వస్తుంది. మాల తీసేయమంటే ఈ మనిషి ఆస్పత్రిని వదులుతాడు గానీ మాలను వదలడని నాకు తెలుసు. అలా వదిలి వెళ్లినవాళ్లను చూశాను. ఒకాయన ఆకు పసరు కోసం వెళ్లాడు, ఒకావిడ మా దర్గాకే వెళ్లి కూర్చుంది. ఇద్దరూ తిరిగి రాలేదు. సైన్సు గొప్పదా, దేవుడు గొప్పవాడా అని నన్ను అడిగేవాళ్లకు కొదవలేదు. అడిగిన ప్రతిసారీ ఆ రెండు ఖాళీ మంచాలు గుర్తొచ్చి విసుగొస్తుంది.

సత్తెమ్మ దగ్గర నంబరు తీసుకుని గురుస్వామికి, అంటే ఆయనకు మాల వేసిన పెద్దాయనకు, ఫోన్ చేశాను. పాన్‌గల్ దగ్గర కిరాణం నడుపుతాడట. గొడవకు సిద్ధపడే మాట్లాడాను.

"అరటిపండే తినాలని ఎవరన్నరమ్మా?" అన్నాడాయన. "నేనే షుగర్ గోలీ ఏసుకొని భజనకు పోత. ఉప్మ తినమను. తీర్థం ఒక ఉద్ధరిణె, నాలుక తడిస్తే సాలు. ప్రసాదం కండ్లకద్దుకొని పక్కోనికియ్యమను. దీక్ష అంటేనే నోరు కట్టుకునుడు గద."

అంతే. నేను ఏడాదిగా మొత్తుకున్నా కాని పని రెండు నిమిషాల్లో అయిపోయింది. ఆ రోజు నుంచి బాలకిష్టయ్య బరువు కాంటా మీద సరిగ్గా నిలబడింది. యూనిట్ మొత్తంలో అంత తక్కువ నీళ్లు తాగే పేషెంట్ లేడు. కాస్త మంటగా కూడా అనిపించింది నాకు.

"మేం చెప్తే ఇనలే, ఆయన చెప్తే ఇన్నవు" అన్నాను ఒకరోజు సూది వేస్తూ. డయాలిసిస్ కోసం చేతిలో రక్తనాళాలు రెండిటిని కలిపి ఆపరేషన్ చేస్తారు, దాన్ని ఫిస్టులా అంటాం. సూది అందులోనే వేయాలి, పొరపాటు చేస్తే ఆ చెయ్యి పాడవుతుంది. అందుకే ప్రతిసారీ బిస్మిల్లా అనుకుని వేస్తాను, ఇన్నేళ్లలో ఒక్కసారీ మర్చిపోలేదు.

"మీరు పొద్దుగూకేదాంక సుక్క నీల్లు తాగరు. డాక్టర్ చెప్పిండా మాత?" అన్నాడు.

సూది మీద ప్లాస్టర్ అతికించాను. గొంతు నిజంగానే ఎండిపోయి ఉంది.

అసలు సంగతి రంజాన్ పండగ అయ్యాక తెలిసింది. సత్తెమ్మ వరండాలో నా కొంగు పట్టుకున్నంత పని చేసింది. "సిస్టరమ్మా, బీచుపల్లిల మాల తీసినంక ఇగ దవాఖానకు రానంటుండు. స్వామి కిడ్నీలు మల్ల ఇస్తడంట. జర మీరు చెప్పుండ్రి, మీ మాట ఇంటడు."

అప్పుడర్థమైంది, ఆయన అంత నిష్ఠగా నీళ్లు ఎందుకు మానేశాడో. బేరంలో తన వంతు తాను సక్రమంగా కట్టేస్తున్నాడు. డయాలిసిస్ ఆపేస్తే ఆయన రెండు వారాలు బతకడం కూడా కష్టం. మాల విరమణ దగ్గర పడుతోంది.

తర్వాతి సెషన్‌లో మిషన్ మొదలవగానే స్టూలు లాక్కుని ఆయన పక్కన కూర్చున్నాను. కాళ్లు లాగుతున్నాయి. మాట్లాడాలని లేదు. మాట్లాడక తప్పదు.

"స్వామీ, ఒకటి అడుగుత. కాలిపోయిన మోటారు ముంగట కొబ్బరికాయ కొడితే అది తిరుగుతదా?"

ఆయన నవ్వాడు. "తిరగదు మాత."

"మరి?"

"తిరగదు గని, వైండింగ్ చేసినంక కొబ్బరికాయ కొట్టకుండ నేను స్విచ్ ఏయను. మా తాన ఏ రైతూ ఏయడు. చుట్టుడు నా పని. దాని తర్వాతది నా చేతుల లేదు."

"గదే నేను చెప్పేది. కిడ్నీలు కాలిపోయినయి. ఉత్త కొబ్బరికాయ కొడితే..."

"మనిషిని చుట్టినోడు ఒకడున్నడు గద మాత. ఆయన మల్ల చుట్టలేడా?"

చుట్టలేడని అనడానికి నాకు నోరు రాదు. నేను అయిదు పూటలా ఎవరి ముందు తల వంచుతున్నానో ఆయనకు చేతకానిది ఉందని ఎలా అంటాను? చుట్టడు అని మాత్రం నాకు తెలుసు. ఇన్నేళ్లలో, ఇన్ని మంచాల మీద, ఒక్కరికీ చుట్టలేదు. ఈ రెండూ ఒకే తలలో పెట్టుకుని తిరగడం ఎంత అలసటో డ్యూటీ చేసేవాళ్లకే తెలుస్తుంది.

వేరే దారి పట్టాను. "మా దాంట్ల పానం బాగలేక బీమార్ ఉన్నోళ్లకు రోజా మాఫ్ ఉంటది స్వామీ. దేవుడే మాఫ్ చేసిండు. మీకూ ఉంటది."

ఆయన మిషన్‌లో తిరుగుతున్న తన రక్తం వైపు చూశాడు. "ఉంటది. మాఫ్ తీస్కోవాల్నంటే ముందు బీమార్ ఉన్నమని ఒప్పుకోవాలె గద మాత" అన్నాడు.

నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. పక్క మిషన్ కూత పెడితే లేచి వెళ్లాను, ఆ కూతకు ఆ రోజు మనసులోనే షుక్రియా చెప్పుకున్నాను. కాసేపటికి తిరిగి వచ్చి ఒక్క మాట అడిగాను.

"వైండింగ్ అయినంక మీటర్ పెట్టి సూడకుండ రైతుకిస్తవా?"

"ఇయ్యను."

"అయితే మాల తీసినంక ఒక్కసారి రా. రక్తపరీక్ష చేద్దాం. స్వామి నిజంగ ఇస్తే రిపోర్టుల కనబడతది. నేనే సంతకం పెట్టించి పంపుత. ఇయ్యకపోతే..."

"స్వామికే పరీక్ష పెడతమా మాత?"

"స్వామికి కాదు. నీ మోటారుకు."

ఆయన మాట ఇవ్వలేదు. "సూస్త" అన్నాడు. మా పాలమూరులో సూస్త అంటే ఏదైనా కావచ్చు.

హనుమాన్ జయంతి నాడు కృష్ణ ఒడ్డున ఉన్న బీచుపల్లి ఆంజనేయస్వామి గుడికి వెళ్లారు. మర్నాడు ఆయన డయాలిసిస్ రోజు. పొద్దున్నే మిగతావాళ్లంతా వచ్చి మంచాలెక్కారు. ఆయన మంచం ఖాళీ. ఫోన్ చేస్తే స్విచాఫ్. డాక్టరు రౌండుకు వచ్చి ఖాళీ మంచం చూసి, "చెప్పాను కదా" అని ఊరుకున్నాడు. ఆయన ముఖం కూడా బాగోలేదు. ఆ మిషన్‌కు గొట్టాలు బిగించి సెలైన్ నింపి సిద్ధంగా పెట్టాను. దాన్ని ప్రైమింగ్ అంటాం. పేషెంట్ రాకముందే చేస్తే సామాను వృథా అవుతుంది, మందలిస్తారు కూడా. అయినా చేశాను. దేవుణ్ణి నమ్మేవాళ్లం ఇలాంటివి చేస్తూనే ఉంటాం.

ఎండ నడినెత్తికి వచ్చాక ఆటో ఆగింది. మామూలు చొక్కా, కాళ్లకు చెప్పులు, మెడ బోసిగా. సత్తెమ్మ వెనకే వస్తోంది. ఆయన ఎవరూ చెప్పకుండానే కాంటా ఎక్కాడు, దిగి తన మంచం మీద పడుకుని ఎడమ చెయ్యి చాపాడు.

"పరీక్ష చేపిస్తవా?" అన్నాను.

"వద్దు సిస్టర్." మాత పోయి మళ్లీ సిస్టర్‌నయ్యాను. "కాశీకి పోయినోళ్లు ఇష్టమైనదొకటి ఇడిసిపెట్టి వస్తరు, ఎరికెనా మీకు? మా అవ్వ వంకాయ ఇడిసింది. సచ్చేదాంక ముట్టలే. నేను గూడ కృష్ణల మునిగి ఏదన్న ఇడువాల్నని అనుకున్న. ముందుగాల కొబ్బరినీల్లు అనుకున్న."

"మంచిదే గద."

"ఏం మంచిది? అది మీరు ఎప్పుడో బంద్ చేసిన్రు. బందైనదాన్ని దేవునికిచ్చుడు మోసం కాదా? ఇడిస్తే అన్నిటికన్న ఇష్టమైనదే ఇడువాలె." కాస్త ఆగాడు. "నీల్లల్ల నిలబడి ఆలోచించిన. నాకు అన్నిటికన్న ఇష్టమైనది నా కిడ్నీలు మల్ల వస్తయన్న ఆశ సిస్టర్. దాన్నే కృష్ణల ఇడిసిన. ఇడిసినదాన్ని మల్ల ముట్టొద్దు."

సత్తెమ్మ ముఖం పక్కకు తిప్పుకుంది. ఆయన్ను ఒప్పించాలని అన్ని రోజులు తిరిగిన నేను, ఆయన ఒప్పుకున్నాక గెలిచినట్టు సంతోషపడలేకపోయాను. ఆ ఆశ ఆయనకెంత ప్రాణమో అప్పుడే తెలిసింది.

బాలకిష్టయ్య ఇప్పటికీ వస్తున్నాడు. ఏటా మాల వేస్తాడు, ఉప్మా తింటాడు. నా ఉద్యోగం నాకు దేవుడూ సైన్సూ కలిసే చోటు చూపించిందా అని అడిగితే, చూపించలేదనే చెప్తాను. ఒక్కటి మాత్రం ఆయన దగ్గర నేర్చుకున్నాను. పేషెంట్‌ను దేవుడి మీద నమ్మకం మానుకోమని నేనిప్పుడు చెప్పను. ఏం అడుగుతున్నావని అడుగుతాను. చాలాసార్లు అడిగేదొక్కటి మారితే చాలు, మనిషి మంచం మీదికి వస్తాడు.

బీచుపల్లి నుంచి వచ్చిన ఆ రోజు ఫిస్టులా మీద దూది రుద్దుతూ, స్వామిని ఇంకేమీ అడగలేదా అన్నాను.

"అడిగిన. సిస్టర్ చేతికి సూది తప్పనియ్యకని."

బిస్మిల్లా అనుకున్నాను. ఆయన జై హనుమాన్ అన్నాడు. సూది సరిగ్గా దిగింది.

"ఇగ స్విచ్ ఏయుండ్రి సిస్టర్" అన్నాడు బాలకిష్టయ్య.