అమ్మ కళ్ళు తెరిచిన ఫోటో

వచ్చే ఆదివారం అమ్మ జ్ఞాపకార్థ కూడిక. కార్డు మీద వేయడానికి ఫోటో ఏదని అక్క జనవాడ నుంచి పొద్దున్నే మూడోసారి ఫోన్ చేసింది. నాలుగు రోజులుగా కమఠాణలో మా ఇంట్లో ఆల్బములన్నీ ముందేసుకుని కూర్చుంటున్నాను. నడుము పట్టేసింది గానీ పనికొచ్చే ఫోటో దొరకలేదు. ఫ్లాష్ వెలగకముందే కళ్ళు మూసుకోవడం మా అమ్మ అలవాటు. నా పెళ్ళి ఫోటోల్లో మమ్మల్ని దీవిస్తూనే నిద్రపోతున్నట్టుంటుంది. క్రిస్మస్ ఫోటోల్లోనైతే ఎవరి భుజం వెనకో సగం ముఖం, లేదంటే బగారా అన్నం గిన్నె మీదికి వంగిన వీపు.

చివరికి ఒకటి దొరికింది, నాన్న పోయిన రోజుది. సమాధికి తీసుకుపోయే ముందు పెట్టె చుట్టూ ఇంటిల్లిపాదీ నిలబడి ఫోటో దిగడం మా వాళ్ళలో ఆనవాయితీ. ఆ రోజు ఫోటో తీసే అతను రాగానే అమ్మ ఏడుపాపి, ముఖం కడుక్కుని, తల దువ్వుకుని వచ్చింది. నాకు ఒళ్ళు మండింది. ఇదేమైనా పెళ్ళా, నలుగురూ ఏమనుకుంటారని అందరి ముందే కసిరాను. అమ్మ కొంగు సర్దుకుంటూ మెల్లగా అంది.

"మీ నాయినతోని ఇదే ఆఖరి ఫోటో బిడ్డా. దీంట్ల గూడ కండ్లు మూస్తే, మళ్ల దిగనీకి ఆయన ఉంటడా?"

ఫోటోలో మేమంతా తలలు దించుకుని ఉన్నాం. అమ్మ ఒక్కతే రెప్ప వేయకుండా సూటిగా చూస్తోంది. చావింటి ఫోటో కార్డు మీద బాగుంటుందా అని అక్క కాసేపు నసిగింది. ఇంకోటి లేదు కదా అంటే సరేనంది.

బీదర్‌లో స్టూడియో అతను కంప్యూటర్లో పెట్టెనూ మమ్మల్నీ తీసేసి అమ్మనొక్కదాన్నే ఉంచాడు. "కండ్లు ఎర్రగున్నయి అన్నా, సాఫ్ చేయాల్నా?" అని అడిగాడు. వద్దన్నాను. ప్రింటు వచ్చేదాకా అక్కడి స్టూలు మీద కూలబడ్డాను. ఏడవడానికి కూడా ఓపిక లేదు. నాన్న పోయాక తొమ్మిదేళ్ళు అమ్మా నేనూ ఒకే ఇంట్లో ఉన్నాం. ఆ రోజు కసిరినందుకు తప్పయిందమ్మా అనడానికి ఒక్క నిమిషం చాలు. ఎప్పుడైనా చెప్పొచ్చులే అనుకుంటూనే తొమ్మిదేళ్ళూ గడిపేశాను.