నీరుగంటి కర్ర

ముళబాగిలు దగ్గర మా ఊరి చెరువు తూము చూసే నీరుగంటి ఏటా వానలకు ముందు వచ్చి, మా ప్రహరీగోడను కర్రతో ఒకేచోట తట్టేవాడు.

"కాలవ ఈడనే ఉండాదప్పా."

ఆ కాలవ పూడ్చి గోడ కట్టించింది మా తాత. ఆయన ఆస్తిలో మాకు మిగిలింది ఆ ఇల్లూ గోడే. నేను లోపలికెళ్లి తలుపేసుకునేవాణ్ణి.

ఒక ఏడు చెరువు పొర్లింది. గోడ అడ్డుపడి నీళ్లు ఇంట్లోనే నిలిచిపోయాయి. అమ్మను అటక ఎక్కించి కిటికీలోంచి చూస్తే, గోడ అవతల అతను గడ్డపారతో నిలబడి ఉన్నాడు.

"పెద్దోళ్ల గోడప్పా. మీరు చెప్పకుంటే ముట్టను."

నీళ్లు ఛాతీ దాకా వచ్చేవరకూ నేను నోరు తెరవలేదు.

"కొట్టప్పా" అన్నాను చివరికి.

అతను ముందు కర్రతో ఎప్పటిచోటే తట్టాడు. తర్వాతే గడ్డపార ఎత్తాడు.

ఆ గండిని నేనింకా పూడ్చలేదు.