గిల్బెర్ ఆఖరి షాటు

పారిస్‌లో క్లాపు కొట్టడంతో మొదలైన గిల్బెర్ బతుకు, వయసులో రెండు మంచి సినిమాలు, ఆ పైన సబ్బుల ప్రకటనలు, టీవీ సీరియళ్లు దాటి, డెబ్బై రెండో ఏట బెల్లంపల్లిలో మూతపడ్డ బొగ్గుబాయి మీద డాక్యుమెంటరీకి చేరింది. కెమెరా ఎప్పుడూ తనే పట్టుకుంటాడు. ఇప్పుడు కుడిచెయ్యి వణుకుతోంది. షాటులో బొమ్మ వణికితే ఈ ఆఖరి సినిమా ఇంకొకరి చేతికి పోతుంది.

పాత కార్మికుడు మొండయ్యను బాయిదాకా నాలుగోసారి నడవమన్నాడు. మొండయ్య ఆ చేతినే చూశాడు. “మెడికల్ అన్‌ఫిట్ పెట్టుకొని దిగిపోరాదు సారూ! మా బాయిపనోళ్ల తీర్గ నీ జాగల నీ కొడుక్కు నౌకరొస్తది.”

దుబాసీ స్వరూప నవ్వాపుకుంటూ ఫ్రెంచిలో చెప్పి, జవాబు తెచ్చింది. “కొడుకు ఈయన సినిమా ఒక్కటి గూడ చూడలేదంట.”

మొండయ్య గిల్బెర్ ముందుకొచ్చి నిలబడ్డాడు. “అయితే నువ్వే తియ్యాలె. కెమెరా నా భుజం మీద ఆనిచ్చి నడువు.”

ఇద్దరూ అలాగే నడిచారు. బొమ్మ అదురుతూనే ఉంది. అది చేతిదో, మొండయ్య నడకదో ఎవరూ చెప్పలేరు.