బాపట్ల నుంచి రెండుసార్లు తెచ్చిన స్విచ్చి

మా ఆయనకు పక్షవాతం వచ్చేనాటికి యాభై రెండేళ్ళు. నిజాంపట్నం రేవులో పడవల ఇంజన్లు బాగుచేసేవాడు. పడవ నీళ్ళలో ఉండగానే ఒడ్డు మీద నిలబడి శబ్దం విని, ఎక్కడ తేడా ఉందో చెప్పేవాడని రేవులో పేరు. ఏ పని చేసినా మాట్లాడుతూనే చేసేవాడు. బోల్టుతో మాట్లాడేవాడు, తుప్పుతో మాట్లాడేవాడు, చమురు కారుతున్న గొట్టాన్ని తిట్టేవాడు. నేను రేపల్లె దగ్గర ఒక హైస్కూల్లో సోషల్ చెబుతాను. మాకు పిల్లలు లేరు. ఇంట్లో మేమిద్దరం, మా అత్తగారు.

జబ్బు చేసినప్పుడు ఆయన కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి. కాలు కొంత తిరిగి వచ్చింది. కర్ర పట్టుకుని వీధి గుమ్మం దాకా నడుస్తాడు. చెయ్యి రాలేదు. మాటా రాలేదు. సరిగ్గా చెప్పాలంటే ఒక్క మాట మిగిలింది. "తాడు." మంచినీళ్ళు కావాలన్నా తాడు, నొప్పిగా ఉందన్నా తాడు, నన్ను పిలవాలన్నా తాడు. రేవులో రోజుకు వందసార్లు అనే మాట కాబట్టి అదొక్కటి మిగిలి ఉంటుందని డాక్టరు అన్నాడు. మా అత్తగారికి మాత్రం ఆ మాట వినపడినప్పుడల్లా గుండె జారిపోయేది. ఆమెకు తాడంటే నా మెడలో ఉన్నదే. ఆ మాట అనొద్దు నాన్నా అని కొడుకును బతిమాలేది. ఆయన ఆమె ముఖంలోకి చూసి, ఎంతో ఓపికగా, ఏదో సర్దిచెబుతున్నట్టు, "తాడు" అనేవాడు.

తెనాలిలో మాటలు నేర్పే డాక్టరమ్మ ఒకామె ఉందని తెలిసి, ప్రతి శనివారం సెలవు పెట్టి తీసుకెళ్ళేదాన్ని. రైలు ఉంది, బస్సు ఉంది. కానీ ఆయన ఆ మెట్లు ఎక్కలేడు. అందుకని కారే. అది ఆయన ఎప్పుడో సెకండ్ హ్యాండ్‌లో కొన్న చిన్న కారు. అందులో ఆయన చెయ్యి పడని భాగం లేదు. నాకు డ్రైవింగ్ నేర్పింది కూడా ఆయనే. ఇప్పుడు నేను నడుపుతుంటే ఎడమ పక్క సీట్లో కూర్చుని, గేరు మార్చాల్సిన చోట ఆయన ఎడమ చెయ్యి చిన్నగా కదిలేది.

డాక్టరమ్మ చిన్న పిల్ల. మొదటి నెల అయ్యాక నన్ను పక్కకు పిలిచి చెప్పింది.

"ఆయనకు అంతా అర్థమవుతుందండి. బయటికి వచ్చే దారే మూసుకుపోయింది. చేతికి బాగా అలవాటైన పని ఏదైనా ఉంటే దాని దగ్గర కూర్చోబెట్టండి. ఒక్కోసారి పనిలోంచి మాట వస్తుంది."

ఆ ముక్క నేను పట్టుకున్నాను. దాన్నే పట్టుకుని కొన్ని నెలలు బతికాను. కానీ ఒంటి చేత్తో ఆయన చేయగల పని ఏది? పాత టూల్ బాక్సు తెచ్చి ముందు పెడితే చూసి మొహం తిప్పుకునేవాడు.

ఒక శనివారం వేమూరు దాటాక, కాలువ పక్క రోడ్డు మీద పోతుండగా కారు ఉన్నట్టుండి చచ్చిపోయింది. డాష్‌బోర్డు మీద లైట్లన్నీ ఒక్కసారి ఆరిపోయాయి. బ్రేకు రాయిలా గట్టిపడింది. ఎదురుగా గడ్డివాము లాంటి లోడుతో ట్రాక్టరు వస్తోంది. ఆయన "తాడు, తాడు" అని అరుస్తున్నాడు. రెండు కాళ్ళూ బ్రేకు మీద వేసి తొక్కాను. కాలువ గట్టుకు జానెడు దూరంలో ఆగింది. ట్రాక్టరు మీద వాళ్ళు దిగివచ్చి కారును నీడలోకి తోశారు. తాళం వెనక్కి తిప్పి మళ్ళీ తిప్పితే ఇంజన్ అందుకుంది, తాళం వదలగానే ఆగిపోయింది. ఎన్నిసార్లు తిప్పినా అంతే. చివరికి తాళాన్ని కాస్త కిందికి నొక్కి పట్టుకుంటే నడిచింది. ఒక చేత్తో తాళం నొక్కుతూ, ఇంకో చేత్తో స్టీరింగు పట్టుకుని, గేరు మార్చాల్సినప్పుడల్లా తాళం వదిలి, ఆగి, మళ్ళీ మొదలుపెట్టి, వచ్చిన దారినే ఇల్లు చేరాను. చేరేసరికి సాయంత్రం అయింది.

మరునాడు రేపల్లెలో తెలిసిన మెకానిక్కును పిలిచాను. ఒకప్పుడు మా ఆయన దగ్గర పని నేర్చుకున్నవాడే. అతను బానెట్ ఎత్తబోతే ఆయన కర్ర ఊనుకుంటూ బయటికి వచ్చి, ఎడమ అరచెయ్యి బానెట్ మీద అదిమి నిలబడ్డాడు. ఎంత చెప్పినా తియ్యలేదు. మెకానిక్కు కాసేపు చూసి, "అన్నకి ఇష్టం లేదక్కా, నేను చెయ్యి పెట్టను," అని వెళ్ళిపోయాడు.

నాకు కోపం వచ్చింది. కానీ ఆయన నన్ను డ్రైవర్ సీట్లో కూర్చోమని సైగ చేశాడు. తలుపు దగ్గర వంగి, తాళం ఆన్‌లోకి తిప్పించాడు. తర్వాత తనే తాళాన్ని పట్టుకుని పైకీ కిందికీ కదిలించాడు. దానితో పాటు డాష్‌బోర్డు లైట్లు ఆరుతూ వెలుగుతూ ఉన్నాయి. వేలితో తాళం దూరే చోటు వెనక భాగాన్ని రెండుసార్లు తట్టి నా వైపు చూశాడు. ఆ చూపు జబ్బుకు ముందరి చూపు. ఇంజన్ రోగం దొరికినప్పుడు ఆయన కళ్ళల్లో కనిపించే చూపు.

"ఇగ్నిషన్ స్విచ్చా?" అన్నాను.

తల ఊపాడు. ఎన్నో నెలల తర్వాత ఆయన చెప్పింది నాకు ఒక్కసారికే అర్థమైంది. డాక్టరమ్మ చెప్పిన పని ఇదేనని, దేవుడే ఆ కారును పాడుచేశాడని అనుకున్నాను. ఇద్దరం కలిసి చేద్దామని ఆయనతో చెప్పాను. ఆయన నవ్వాడు. సగం మొహమే నవ్వింది. నాకు అది చాలు.

ఆ స్విచ్చి రేపల్లెలో దొరకలేదు. తెనాలిలో అడిగితే అంత పాత బండికి ఇప్పుడు రావడం లేదన్నారు, బాపట్లలో ఒక పాత షాపు ఉంది చూడమన్నారు. బడి అయ్యాక బస్సెక్కి బాపట్ల వెళ్ళాను. స్టేషను దగ్గర సందులో ఇరుకైన షాపు. పెద్దాయన నిచ్చెన వేసుకుని పై అరలో వెతికి, దుమ్ము పట్టిన డబ్బా ఒకటి తీశాడు. అగ్గిపెట్టెకన్నా కాస్త పెద్ద నల్ల ప్లాస్టిక్ ముక్క. మధ్యలో ఒక గాడి, వెనక వైర్లు దూరే మూతి. బిగించేది ఎవరమ్మా అని అడిగితే మా ఆయనే అన్నాను.

ఆదివారం పొద్దున్న రేకుల షెడ్డులో పని మొదలుపెట్టాం. తాళం తిప్పి లైట్లు వెలుగుతున్నాయో లేదో మరోసారి చూసుకుని, బానెట్ ఎత్తాను. బ్యాటరీ వైరు మాత్రం ఆయనే విప్పాడు. ఎడమ చేత్తో పదో నంబరు పానా పట్టుకుని, రెండుసార్లు జారినా నన్ను ముట్టుకోనివ్వకుండా, నట్టు వదులు చేశాడు. ఆయన నుదుటి మీద చెమట చూస్తూ నేను పక్కనే నిలబడ్డాను. ఆ తర్వాతది నా వంతు. స్టీరింగు కింద తొడుగుకు ఉన్న మూడు మరలు విప్పి తొడుగు లాగాను. వైర్ల మూతి ఊడదీశాను. తాళం గొట్టం వెనక రెండు చిన్న మరలు. వాటికోసం స్టీరింగు కింద తల పెట్టి, కాళ్ళు బయటికి చాచి పడుకోవాల్సి వచ్చింది. పాత స్విచ్చి ఊడి వచ్చింది. లోపలి రాగి రేకులు కాలి నల్లబడి ఉన్నాయి. ఆయనకు అందిస్తే ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు. పెదవులు కదిలాయి. ఏదో రాబోతోందనిపించింది. అమ్మ మీద ఒట్టు, ఏదో మాట ఆయన నాలుక చివరిదాకా వచ్చింది. రాలేదు.

కొత్తది పెట్టబోతే కూర్చోలేదు. తాళం గొట్టం వెనక ఒక చిన్న నాలుకలాంటిది ఉంది, అది స్విచ్చి గాడిలో దూరాలి. నాలుక ఒక వైపు ఉంది, గాడి ఇంకో వైపు ఉంది. ఆయన "తాడు" అంటూ ఎడమ పిడికిలి గాలిలో ఎడమకు తిప్పి చూపించాడు. స్విచ్చిని తిప్పమంటున్నాడనుకుని తిప్పాను. అప్పుడు మరలు పట్టే చెవులు కుదరలేదు. ఆయన తల అడ్డంగా ఊపి, మళ్ళీ పిడికిలి తిప్పాడు. నేను ఇంకో వైపు తిప్పాను. "తాడు, తాడు, తాడు." గొంతు పెద్దదైంది. అరగంట అలా గడిచింది. మెడ పట్టేసింది, కళ్ళల్లో తుప్పు పడింది. నేను స్విచ్చిని బలంగా నొక్కడం మొదలుపెట్టాను. ఆయన కర్ర చివరతో నా మోకాలు పొడిచాడు.

బయటికి వచ్చి లేచి నిలబడి అన్నాను. "ఏంటండీ మీ గొడవ? నోటితో చెప్పండి. నోరుందిగా, చెప్పండి."

నేను ఆ మాట అన్నాను. వంటింటి గుమ్మంలో మా అత్తగారు నిలబడి విన్నది. ఆయన నా చేతిలో స్విచ్చి వైపు చూశాడు. తర్వాత దాన్ని లాక్కుని నేలకేసి కొట్టాడు. ఒక చెవి విరిగి ఎగిరిపోయింది. ఆయన లోపలికి వెళ్ళడానికి చాలాసేపు పట్టింది. నేను సాయం వెళ్ళలేదు.

ఆ వారం తెనాలి వెళ్ళలేదు. అన్నం పెడితే తిన్నాడు. ఆ ఒక్క మాట కూడా అనడం మానేశాడు. అంతకుముందు ఆ మాట వినలేక బాధపడిన మా అత్తగారు, ఇప్పుడు వాడు తాడు కూడా అనడం లేదేంటి అని నన్ను అడిగింది.

మళ్ళీ బాపట్ల వెళ్ళాను. "మళ్ళీ ఏంటమ్మా?" అన్నాడు షాపు పెద్దాయన. విరిగిపోయిందన్నాను. అతను విరిగిన ముక్కను అటూ ఇటూ తిప్పి చూసి, ఈ పని అంత కష్టం కాదే అన్నట్టు నన్ను చూసి, "మీ ఆయన్ని ఒకసారి రమ్మనండమ్మా, నేను దగ్గరుండి చూపిస్తాను," అన్నాడు. ఇంజన్ల గురించి మా ఆయనకు ఎవరూ చూపించాల్సిన అవసరం లేదని చెప్పాలనిపించింది. చెప్పకుండా డబ్బా తీసుకుని బస్టాండుకు నడిచాను.

తర్వాతి ఆదివారం మధ్యాహ్నం భోజనం చేసి ఆయన పడుకున్నాక షెడ్డులోకి వెళ్ళాను. కారు మేము వదిలేసినట్టే ఉంది, తొడుగు ఊడి, వైర్లు వేలాడుతూ. మళ్ళీ స్టీరింగు కింద తల పెట్టాను. మళ్ళీ అదే. నాలుక ఒక వైపు, గాడి ఒక వైపు. ఏడుపు వచ్చింది. కాసేపు ఏమీ చేయకుండా అలాగే పడుకున్నాను. పైన తాళం వేలాడుతోంది. మొదటి రోజు లైట్ల కోసం తిప్పి అలాగే ఆన్‌లో వదిలేసిన తాళం.

ఆయన పిడికిలి గుర్తొచ్చింది. చెయ్యి పైకి చాచి తాళాన్ని వెనక్కి, ఎడమకు, లాక్ దాకా తిప్పాను. నా కళ్ళ ముందే నాలుక తిరిగి గాడికి ఎదురుగా వచ్చి ఆగింది. స్విచ్చి వేలితో నెడితే దూరింది.

ఆయన స్విచ్చిని తిప్పమనలేదు. తాళం తిప్పమన్నాడు. అంత స్పష్టంగా, చేత్తో, పదిసార్లు చెప్పాడు. ఆయన చెప్పడంలో లోపం లేదు. వినడంలో ఉంది.

అప్పుడు ఆయన్ని లేపాల్సింది. లేపి, తీసుకొచ్చి, స్విచ్చి మళ్ళీ ఊడదీసి, ఆయన పిడికిలి తిప్పితే నేను తాళం తిప్పి, ఇద్దరం కలిసి పెట్టాల్సింది. అది నాకు అప్పుడే తోచింది, తర్వాత తోచిన ఆలోచన కాదు. కానీ అలసిపోయాను. మళ్ళీ ఏదో అపార్థం, మళ్ళీ ఏదో గొడవ అవుతుందని భయం. అయిపోతే చాలనిపించింది. రెండు మరలు బిగించాను, వైర్ల మూతి పెట్టాను, తొడుగు వేశాను, బ్యాటరీ వైరు కూడా నేనే బిగించాను. తాళం తిప్పాను. ఒక్క తిప్పుకే ఇంజన్ అందుకుంది. తాళం వదిలినా ఆగలేదు.

ఆ శబ్దానికి ఆయన లేచాడు. వీధి గుమ్మం దాకా వచ్చి గోడకు ఆనుకుని నిలబడ్డాడు. నేను కారు దిగి, నల్లబడ్డ చేతులతో ఎదురెళ్ళి, మీరు చెప్పిందే చేశానండి, తాళం వెనక్కి తిప్పాలి, మీరు చెప్పింది అదే, నాకే తెలియలేదు అని చెప్పాను. ఆయన నా మొహం చూడలేదు. కారును చూశాడు. తల కాస్త పక్కకు వంచి, ఇంజన్ శబ్దం చివరిదాకా వినేవాడిలా విన్నాడు. శబ్దం బాగానే ఉంది. ఇంక తన అవసరం ఏమీ లేదని రూఢి చేసుకున్నట్టు, కర్ర తిప్పుకుని లోపలికి వెళ్ళిపోయాడు.

శనివారం కారు గుమ్మం ముందు పెట్టి పిలిస్తే రాలేదు. చెయ్యి పట్టుకుంటే విడిపించుకున్నాడు. పై వారమూ అంతే. మూడో వారం డాక్టరమ్మ ఫోన్ చేసి, ఎందుకు రావడం లేదండి, ఇలా మధ్యలో ఆపితే వచ్చిన కాస్తా పోతుందండి అంది. కారు పాడైందని చెప్పాను. బాగవగానే రండి అంది. అలాగే అన్నాను.

ఆ తర్వాత ఆమె మా సమయం ఇంకెవరికో ఇచ్చింది. ఆయన కుర్చీలో కూర్చుని ఉంటాడు. ఆకలేస్తే గిన్నె చప్పుడు చేస్తాడు. అప్పుడప్పుడు నేను ఎదురుగా కూర్చుని, ఏదైనా అనండి, ఆ తాడన్నా అనండి అని అడుగుతాను. ఆయన నా వైపు చూస్తాడు. ఆ కళ్ళల్లో కోపం లేదు. ఉంటే బాగుండేది.