డబ్బ సరోజమ్మ

మొన్న వాన వెలిసిన కాసేపటికి నేను పనిచేసే మందుల షాపు ముందు నుంచి ఒక గొర్రెల మంద వెళ్ళింది. హైవే మీద లారీల రద్దీ ఎక్కువగా ఉన్న రోజుల్లో కాపరులు మందల్ని ఇలా సూర్యాపేట సందుల్లోంచి తోలుకెళుతుంటారు. తడిసిన గొర్రెల వాసన, దాంతో కలిసిన పెంట వాసన షాపులోకి వచ్చాయి. కౌంటరు దగ్గర నిలబడ్డామె కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. నేను మాత్రం మందుల చీటీ చేతిలో అలాగే పట్టుకుని ఉండిపోయాను. ఆ వాసన తగిలితే చాలు, నా కళ్ళ ముందు ఒక గుట్ట కనిపిస్తుంది. దాని మీద ఎండలో చెప్పులు విడిచి నిలబడిన సరోజక్క కనిపిస్తుంది.

సరోజక్క బీమా ఏజెంటు. యాభై దాటిన మనిషి. తెల్ల హెల్మెట్ పెట్టుకుని, స్కూటీ ముందు కొక్కేనికి సంచి తగిలించుకుని, సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడల మధ్య ఊళ్ళన్నీ తిరిగేది. పెళ్ళి ఎందుకు చేసుకోలేదని అడిగిన వాళ్ళకు తీరిక దొరకలేదని చెప్పేది. ఊళ్ళో వాళ్ళు ఆమె మాట మీద నమ్మకంతోనే పాలసీలు కట్టేవాళ్ళు. ఆమెకున్న ఆస్తి ఆ మంచిపేరొక్కటే.

నా చదువు ఇంటర్‌తో ఆగిపోయింది. ఆ లోటు గ్రంథాలయంలో తీర్చుకున్నాను. మధ్యాహ్నం షాపు మూసే రెండు గంటలూ నాకు అక్కడే గడిచేవి. తారల గురించి, ఓడల గురించి, అంటార్కిటికాలో ఉండే మనుషుల తిండి గురించి చదివేదాన్ని. ఎవరూ పరీక్ష పెట్టని చదువు కావడంతో ఏదీ మరిచిపోయేదాన్ని కాదు. అలా ఒక పాత వారపత్రికలో జియోక్యాషింగ్ గురించి చదివాను. రెండు వేల సంవత్సరంలో అమెరికా ప్రభుత్వం ఉపగ్రహాల సంకేతాల్లో తాను కావాలని ఉంచిన తేడాను తీసేయగానే, మామూలు మనుషుల చేతుల్లోని జీపీఎస్‌లు కూడా చోటును దాదాపు సరిగ్గా చూపించడం మొదలుపెట్టాయట. వెంటనే ఒకాయన అడవిలో ఒక బకెట్ దాచి, అది ఏ అక్షాంశం మీద, ఏ రేఖాంశం మీద ఉందో ఇంటర్నెట్‌లో పెట్టి, వెతుక్కోండని సవాలు చేశాడట. ఇప్పుడు దేశదేశాల్లో జనం అలా డబ్బాలు దాచుకుంటారు, వెతుక్కుంటారు. దొరికిన వాళ్ళు లోపలి కాగితం మీద పేరు రాస్తారు. కావాలంటే ఒక చిన్న వస్తువు తీసుకుని ఇంకొకటి వేస్తారు. డబ్బాను మళ్ళీ ఉన్నచోటే పెట్టి వెళతారు.

ఒకరోజు సరోజక్క బీపీ మాత్రల కోసం షాపుకు వచ్చి, చిల్లర కోసం ఆగినప్పుడు ఫోన్ తీసి చూసుకుంటోంది. తెర మీద మ్యాపు, దాని మీద అక్కడక్కడ ఆకుపచ్చ గుర్తులు. నేను ఉండబట్టలేక, అది జియోక్యాషింగా మేడం అని అడిగాను. ఆమె తలెత్తి నన్ను చూసింది.

"నీకెట్ల తెలుసు?"

"లైబ్రరీల చదివిన మేడం."

"ఇన్నేండ్లు ఈ ఆట పేరు చెప్తే పిచ్చిదాన్ని చూసినట్టు చూసిండ్రు. నువ్వొక్కదానివి దొరికినవ్. మేడం గీడం వద్దు, అక్కా అను. ఆదివారం సెలవేనా?"

ఆ ఆదివారమే ఇద్దరం కోదాడ బస్సెక్కాం. ఊరి చివర ఒక టీ కొట్టు పక్కనున్న పాత నీళ్ళ పైపు చుట్టూ మ్యాపు గుర్తు తిరుగుతోంది. ఆట సంగతి తెలియని వాళ్ళ కంట పడకుండా వెతకాలంటారు. టీ కొట్టామె వచ్చి ఏం పోయిందండీ అని అడిగేసరికి, చెవి కమ్మ పోయిందని అక్క చటుక్కున చెప్పింది. ఆమె వెంటనే స్టవ్ ఆర్పేసి, మోకాలు పట్టుకుని వంగి, మాతో పాటు గడ్డి దువ్వడం మొదలుపెట్టింది. మధ్యమధ్యలో మెల్లగా మూలుగుతోంది. అక్క కాసేపు ఓర్చుకుంది. తర్వాత ఆమె భుజం పట్టుకుని లేపి, కమ్మ పోలేదని, అబద్ధం చెప్పానని ఒప్పుకుని, సంగతంతా వివరించింది.

"ముందే చెబితే అయిపోయేది కదండీ," అంది ఆమె. "ఆ పైపు చుట్టూ ఎవరో ఒకళ్ళు తిరుగుతున్నారు, దానికేం దయ్యం పట్టిందో అని మా ఆయన రోజూ అంటుంటాడు."

డబ్బీ ఆమెకే దొరికింది. కాగితం మీద మా పేర్ల కింద తన పేరు కూడా రాయించుకుంది. బస్సులో తిరిగి వస్తుంటే, మునగాల దాటాక అక్క, "మనది ఆటనే గని, ఆమె నడుము వంచింది నిజం కదనే," అంది. అప్పటినుంచి మేము ఎక్కడ వెతికినా, ఎవరు అడిగినా ఉన్నదున్నట్టు చెప్పేవాళ్ళం. సగంమంది నమ్మేవాళ్ళు కాదు.

కొన్నాళ్ళకు అక్కకు తన సొంత డబ్బా ఒకటి పెట్టాలనిపించింది. చివ్వెంల దాటాక ఒక చిన్న గుట్ట ఆమెకు ఎప్పటినుంచో ఇష్టం. పైకెక్కితే ఒకవైపు పొలాలు, ఇంకోవైపు దూరంగా హైవే మీద లారీలు కనిపిస్తాయి. ఈ ఆటలో చోటుకు అనుమతి ఉండాలన్న నియమం ఉంది. అక్క విచారిస్తే అది రికార్డుల్లో ప్రభుత్వ భూమి. ఆ ఊరి సర్పంచికి ఫోన్ చేస్తే, గుట్ట మీద డబ్బా పెట్టుకుంటే ఎవరికేం నష్టం మేడం అన్నాడు. పైన మోకాలెత్తు రాళ్ళు కొన్ని వరసగా పాతి ఉన్నాయి. హద్దురాళ్ళేమో అనుకున్నాం. వాటి పక్కన బండల సందులో గాలి చొరబడని టిఫిన్ డబ్బా పెట్టాం. అందులో గోలీలు, చిన్న అద్దం, బొట్టు బిళ్ళల ప్యాకెట్, సంతకాల కాగితం, పెన్సిలు ఉన్నాయి. మూత మీద ఇది ఆట డబ్బా అని తెలుగులో రాసి, కింద అక్క తన ఫోన్ నంబరు వేసింది.

హైదరాబాద్ నుంచి కుర్రాళ్ళు వచ్చారు. విజయవాడ వైపు వెళుతున్న ఒక చెక్ దంపతులు ఆగి తమ భాషలో ఒక వాక్యం రాశారు. అక్క దాన్ని ఫోన్‌లో అనువాదం చేయించి చదివింది. ఇక్కడ గాలి బాగుంది అని ఉంది. ఆ మాట ఆమె వారం రోజులు కనిపించిన వాళ్ళందరికీ చెప్పింది.

మా ప్రాంతంలో పాత రాళ్ళ దగ్గర కొత్త మనుషులు చేతిలో ఏదో పట్టుకుని తచ్చాడితే జనానికి వచ్చే అనుమానం ఒక్కటే, గుప్తనిధుల కోసం వచ్చారని. పాత గుళ్ళ దగ్గర, సమాధుల దగ్గర తవ్వకాల వార్తలు నేను గ్రంథాలయంలో ఎన్ని చదివానో లెక్కలేదు. మేము చేస్తున్న పనిని ఆ వార్తల పక్కన పెట్టి చూడాలన్న ఆలోచన మాత్రం ఒక్కసారీ రాలేదు.

ఒక పొద్దున అక్కకు ఫోన్ వచ్చింది. మాట్లాడింది మల్లయ్య అనే గొర్రెల కాపరి. మీ డబ్బా మా రాళ్ళలో ఉంది, మీరొకసారి రావాలని మాత్రం చెప్పి పెట్టేశాడట. అక్క నన్ను తోడు తీసుకుని వెళ్ళింది. గుట్ట పైన అయిదారుగురు నిలబడి ఉన్నారు. చుట్టూ గొర్రెలు. రాత్రి పడిన వానకు అన్నీ తడిసి ఉన్నాయి. వరసలో చివరి రాయి కింద మనిషి నడుము లోతున గొయ్యి ఉంది. ఆ రాయి రెండు ముక్కలై పక్కన పడి ఉంది.

మల్లయ్యకు డెబ్బై ఏళ్ళుంటాయి. కోపంగా లేడు. అదే నన్ను ఎక్కువ భయపెట్టింది. అవి హద్దురాళ్ళు కావని, మందల వెంట తిరిగి తిరిగి కన్నుమూసిన తమ పెద్దల గుర్తుగా పాతినవని, మందను దూరం తోలుకుపోయే ముందు ఇంటిల్లిపాదీ వచ్చి ఇక్కడ కొబ్బరికాయ కొడతారని చెప్పాడు. ఫోన్లు పట్టుకుని వచ్చిపోయే వాళ్ళను చూసి గుట్ట మీద నిధి ఉందన్న మాట పుట్టింది. ఎవరో వచ్చి తవ్వారు. ఒక రాయి కింద ఏమీ దొరకలేదు కాబట్టి మిగతా వాటి కిందా తవ్వుతారు. ఆయన బాధంతా అదే. మందతో వెళ్ళిపోయాక రాళ్ళకు కాపలా ఎవరుంటారు?

అక్క చెప్పులు విడిచి ఆ గోతి దగ్గరికి వెళ్ళి నిలబడింది. నేను ఆమె చెవిలో, సర్పంచిని అడిగాం కదా, ఆ మాట చెప్పమన్నాను.

"అడిగినం," అంది ఆమె అందరికీ వినపడేలా. "అడగవలసినోళ్ళను అడగలే."

తర్వాత బండల సందులోంచి డబ్బా తీసి, తన కొంగు పరిచి దాని మీద గుమ్మరించింది. మల్లయ్య భార్య వంగి ఒక గోలీని వేలితో దొర్లించి, గింతకేనా గంత దూరం నుంచి వస్తరు అని అడిగింది. తీసుకుపోవడానికి రారని, చూసి పేరు రాసి ఉన్నచోటే పెట్టిపోతారని అక్క చెప్పింది.

"ఉన్నకాడ పెట్టిపోయే ఆటైతే మా తాత రాయి ఎట్ల పలిగె బిడ్డా?" అన్నాడు మల్లయ్య.

మల్లయ్య మనవడు అప్పటికే ఫోన్ తీసి వీడియో తీస్తున్నాడు. సూర్యాపేటలో ఏదో ఉద్యోగం చేస్తాడట. నీ సంగతేందో దీంట్ల చెప్పు, పోలీసులకు పంపుత అన్నాడు. అక్క ఆ ఫోన్ వైపు తిరిగింది.

"తియ్యి నాయనా. నా మొకం సరిగ్గ పడేటట్టు తియ్యి. తీసినంక పోలీసోళ్ళకే కాదు, నీ ఫోన్ల ఉన్న గ్రూపులన్నిటికి పంపు."

ఆమె తన పేరు, ఊరు, చేసే పని చెప్పింది. గుట్ట మీద డబ్బా దాచింది తానేనంది. ఒక్కొక్క వస్తువూ ఎత్తి చూపించింది. ఇవి గోలీలు. ఇది అద్దం. ఇవి బొట్టు బిళ్ళలు. ఈ గుట్ట మీద ఉన్న నిధి ఇంతే, ఇప్పుడు ఇదీ తీసుకుపోతున్నా, ఇక తవ్వితే మట్టే వస్తది అంది. నాకు తల కొట్టేసినట్టయింది. దిగుతుంటే, అందరూ నవ్వుతారక్కా, పరువు పోతది, ఇక నీ దగ్గర బీమా ఎవరు కడతారు అన్నాను.

"నవ్వనీయే. నవ్వుకున్నోడు పార పట్టుకొని గుట్ట ఎక్కడు."

ఆ సాయంత్రమే ఆమె ఇంటర్నెట్‌లోంచి ఆ చోటును తీసేసింది. అప్పటికే బయల్దేరిన వాళ్ళెవరైనా ఉంటారేమోనని తర్వాతి ఆదివారమంతా గుట్ట కింద స్కూటీ ఆపుకుని కూర్చుంది. ఇద్దరు వచ్చారు. డబ్బా లేదని, ఎందుకు లేదో చెప్పి పంపించింది.

వీడియో మూడు పట్టణాల్లోనూ తిరిగింది. దానికి ఎవరో పెళ్ళి బాజాలు కూడా జోడించారు. నేను భయపడినట్టే జరిగింది. బీమా కడితే గోలీకాయ ఇస్తవా సరోజమ్మా అని బస్టాండులో అడిగారు. మిర్యాలగూడలో సంతకం పెట్టడానికి సిద్ధమైన ఒక మిల్లు యజమాని కుటుంబం తర్వాత చూద్దామంది. డబ్బ సరోజమ్మ అన్న పేరు స్థిరపడిపోయింది. ఆమె అందరితో పాటు నవ్వేది. అయితే ఒకసారి మా షాపులో మాత్రల కోసం నిలబడి ఉండగా వెనక నుంచి ఎవరో ఆ పేరు పెట్టి పిలిస్తే, ఆమె చేయి కౌంటరు అంచును గట్టిగా పట్టుకోవడం నేను చూశాను. తిరిగి మాట్లాడేటప్పుడు మాత్రం ముఖంలో నవ్వే ఉంది.

గుట్ట మీదికి మళ్ళీ ఎవరూ పార తీసుకుని వెళ్ళలేదు. అక్క కొత్త రాయి చెక్కిస్తానంటే మల్లయ్య ఒప్పుకోలేదు. పలిగినా మా తాతనే కదా అని, రెండు ముక్కలనూ తీగతో కట్టి అక్కడే నిలబెట్టాడు.

తర్వాత కొన్నేళ్ళకు అక్క ఆరోగ్యం దెబ్బతిని మిర్యాలగూడలో తమ్ముడి ఇంటికి వెళ్ళింది. అక్కడే పోయింది. పెద్దకర్మ రోజున నేను గేటు దగ్గర నిలబడి ఉండగా, భుజం మీద గొంగడితో ఒక ముసలాయన ఆటో దిగాడు. మల్లయ్యే. చూపు బాగా తగ్గినట్టుంది, నన్ను గుర్తుపట్టలేదు. గేటులో ఉన్న అక్క తమ్ముడిని, డబ్బ సరోజమ్మ ఇల్లు ఇదేనా అని అడిగాడు. తమ్ముడి ముఖం మాడిపోయింది. చావింట్లో ఆ పేరేంటని ఏదో అనబోయాడు. నేను అడ్డం వెళ్ళి, ఇదే తాతా, రా అని చేయి పట్టుకున్నాను. ఆ పేరును ఎగతాళి లేకుండా పలకడం నేను వినడం అదే మొదటిసారి. ఆయన వరకు ఆమె పేరే అది.

నేను ఇంకా ఆ ఆట ఆడుతున్నాను. ఇప్పుడు మిర్యాలగూడ దగ్గర సాగర్ కాలువ గట్టు మీద ఒక డబ్బా పెట్టాలని నా కోరిక. సంబంధిత ఆఫీసు వాళ్ళు సరేనన్నారు. గట్టు మీద బర్రెలు మేపుకునే వాళ్ళు సరేనన్నారు. అక్కడ బట్టలు ఉతికే ఒకామె మాత్రం ఆలోచించి చెప్తానంది. ఎందుకని అడిగితే, ఊరికేనే, అంది. ఆదివారాలు వెళ్ళి ఆమెతో కాసేపు మాట్లాడి వస్తున్నాను. డబ్బా ఇంట్లోనే ఉంది. ఆమె ఇంకా ఏమీ చెప్పలేదు.